మా అత్తగారు పెరట్లోకి వచ్చిన ఆదివారం

మా అన్న సరుకు ఓడల్లో వంటవాడు. ఏడాదికోసారి సెలవు మీద వచ్చేవాడు. వచ్చినప్పుడల్లా ఓడలో నేర్చుకున్నదేదో ఒకటి మాకు వండిపెట్టాలని ఒకటే ఆరాటం. తొంభైల చివర్లో ఒకసారి వచ్చినప్పుడు, చెప్పులు కూడా విప్పకుండానే గుమ్మంలో నిలబడి చెప్పేశాడు.

"ఈసారి పంది మాంసం. మజ్జిన మసాలా కూరి, సుట్టకట్టి, నిప్పుల మీద కాల్సేత్తాను. పైన పచ్చి ఆకుల సాసు. తిన్నాక నువ్వే అడుగుతావు సూడు."

నేను గబుక్కున వెనక్కి తిరిగి వంటింటి వైపు చూశాను.

అప్పట్లో మేము కూర్మన్నపాలెంలో ఉండేవాళ్ళం. మా ఆయనకి స్టీలు ప్లాంటులో ఉద్యోగం. ఇల్లు చిన్నదే కాని వెనక పెరడు పెద్దది. అత్తగారూ మామగారూ మాతోనే ఉండేవారు. చేపలు, రొయ్యలు, కోడి అన్నీ వండుకునేవాళ్ళం. పంది మాత్రం లేదు. మామగారి వైపు ఎవరూ ముట్టరు. మా పుట్టింట్లో తినేవాళ్ళం. పెళ్ళయ్యాక నేనూ మానేశాను. మానమని ఎవరూ చెప్పలేదు. అడిగే ధైర్యం నాకే లేకపోయింది.

అత్తగారిని అడగడానికి రెండు రోజులు పట్టింది. ఆవిడ చేటలో కందిపప్పు పోసుకుని రాళ్ళు ఏరుతున్నారు. నా మాట విని తలెత్తలేదు.

"ఇంట్లోకి రాకూడదు. నా గిన్నెలు ముట్టకూడదు. పెరట్లో ఏటి సేసుకుంటారో మీ ఇష్టం," అన్నారు.

అంత సులువుగా ఒప్పుకుంటారనుకోలేదు. మళ్ళీ మనసు మార్చుకుంటారేమోనని అక్కడ నిలబడకుండా వచ్చేశాను.

ఆదివారం పొద్దున్నే అన్న స్కూటరు మీద వెళ్ళి మాంసం తెచ్చాడు. మంచి పెద్ద ముక్క, ఒక వైపు వేలెడు మందాన కొవ్వు. పెరట్లో చెక్క బల్ల మీద పెట్టి, కత్తితో పొరలా తెరుచుకుంటూ పోయి చాపలా పరిచేశాడు. అందులో వేయించిన ఉల్లిపాయలు, వెల్లుల్లి, మిరియాలు, ఎండు రొట్టె పొడి, పైన గుప్పెడు కిస్మిస్.

"మాంసంలో కిస్మిసేటన్నయ్యా?"

"నువ్వు మాటాడకు. సూడు."

చాప చుట్టినట్టు చుట్టి, నేను పూలు కట్టుకునే దారంతో వరసగా ముళ్ళు వేశాడు. సాసు కోసం ఓడలో వాడే ఆకేదో ఇక్కడ దొరకదట. కాసేపు దిగులుగా నిలబడి, మా పుదీనా మడి దగ్గర కూర్చున్నాడు. పుదీనా, కొత్తిమీర, పచ్చిమిర్చి, వెల్లుల్లి సన్నగా తరిగి, నిమ్మరసం, నువ్వుల నూనె కలిపాడు. రుబ్బుతానంటే వద్దన్నాడు. ఆకు పంటికి తగలాలట.

అంతవరకు బాగానే ఉంది. సగానికి కోసిన పాత డ్రమ్ములో, వీధి చివర ఇస్త్రీ అతని దగ్గర తెచ్చిన బొగ్గులు రాజేసి, ఇనపచువ్వల మీద మాంసం పెట్టాం. పావుగంట తిరక్కుండా కొవ్వు కరిగి నిప్పుల్లో పడింది. భగ్గుమని మంట లేచింది. పొగ ఇల్లంతా కమ్మేసింది. గోడ అవతల నుంచి పక్కింటావిడ "ఏటమ్మా, ఇల్లంటుకుందేటి?" అని కేకేసింది. ఒక పక్క దారం కాలి తెగిపోయి, కిస్మిస్ ఒక్కొక్కటే నిప్పుల్లోకి రాలుతోంది.

"ఎప్పుడూ ఇలాగే అవుతాదా?" అన్నాను.

అన్న కళ్ళు తుడుచుకుంటూ ఒప్పుకున్నాడు. "ఓడలో ఓవెనుంటాదే. నిప్పుల మీద ఎప్పుడూ సెయ్యనేదు."

అప్పుడు వెనక తలుపు తెరుచుకుంది. అత్తగారు కొంగు నడుముకి దోపుకుంటూ వచ్చారు. ఇక అయిపోయింది అనుకున్నాను.

"మంట మజ్జిన పెట్టీసేవేటి బాబూ? పైన మాడిపోద్ది, లోపల పచ్చిగుంటాది. బేగి తియ్యి. ఆ పార ఇలగియ్యి."

నిప్పులను రెండు పక్కలకీ తోసి మధ్యలో ఖాళీ చేశారు. దారం నీళ్ళలో తడిపి, తన చేతుల్తోనే మాంసాన్ని మళ్ళీ బిగించి కట్టారు. ఆ చేతుల్ని నేనూ అన్నా నోరు తెరుచుకుని చూస్తున్నాం. మాంసాన్ని ఖాళీ మీదికి చేర్చి, అరిటాకు కప్పి, దాని మీద రేకు ముక్క మూత పెట్టించారు.

"అత్తయ్యా, మీకిదంతా ఎలా తెలుసు?"

"మా అయ్య కాల్సీవోడు. ఆనందపురం అవతల మాకు జీడితోట ఉండీది. నానే నిప్పుల కాడ కూకునీదాన్ని. మొదటి ముక్క నాకే."

పొగకి బయటికొచ్చిన మామగారు పేపరు చేత్తో పట్టుకుని గుమ్మంలో నిలబడిపోయారు. "నువ్వు తినీదానివా? నలభయ్యేళ్ళయింది, నాకెప్పుడూ సెప్పనేదే!"

"మీరెప్పుడడిగేరు?" అన్నారావిడ, రేకు సర్దుతూ.

మామగారే ముందు నవ్వారు. ఆ నవ్వుకి అన్న నవ్వు, నా నవ్వు కలిశాయి. అత్తగారు మాత్రం నిప్పుల మీంచి చూపు తిప్పలేదు.

మధ్యాహ్నం రెండింటికి రేకు తీశాం. పైపొర ఎర్రగా కాలి పెళపెళలాడుతోంది. కోస్తే లోపల చుట్టలు చుట్టలుగా మసాలా. మొదటి ముక్క అత్తగారికి విస్తరాకులో పెట్టి, పైన సాసు వేశాను. నమిలి, కాస్త ఆగి, "పులుపు సాల్దు" అని ఇంకో నిమ్మకాయ పిండించారు. రెండో ముక్కకి ఆకు ముందుకు జరిపారు. మూడోది అడిగి వేయించుకున్నారు. పెళ్ళయిన నాలుగేళ్ళకి నేను తిన్న మొదటి ముక్కా ఆ రోజుదే. కిస్మిస్ తీపి, మిరియాల ఘాటు, పుదీనా చల్లదనం. అన్న అన్నది నిజమే, ఇంకా కావాలని నేనే అడిగాను.

మూడింటికి మా ఆయన డ్యూటీ నుంచి వచ్చారు. బట్టలుతికే బండ మీద కూర్చుని తింటున్న తల్లిని చూసి, హెల్మెట్టు చేత్తో పట్టుకుని అలాగే ఉండిపోయారు.

"నిల్సున్నావేటి? కాళ్ళు కడుక్కుని రా," అన్నారావిడ.

ఆయన బితుకుబితుకుమంటూ ఒక ముక్క నోట్లో పెట్టుకుని, "బావా, ఇన్నాళ్ళూ ఎక్కడున్నావు?" అని అన్నని అడిగారు. మామగారు మాంసం ముట్టలేదు కాని, కుర్చీ పెరటి గుమ్మం దాకా జరుపుకున్నారు. "ఆ ఆకు పచ్చడి నాక్కొంచెం ఎయ్యి. మాంసం తగల్నేదు కదా?" అని రెండుసార్లు అడిగి మరీ వేడన్నంలో కలుపుకున్నారు.

ఆ తర్వాత అందరం స్నానాలు చేశాకే అత్తగారు వంటింట్లోకి రానిచ్చారు. ఆ నియమం చివరిదాకా మారలేదు. కాని ఆ రోజు నుంచి పప్పు ఏరుతూ, చేపలు తోముతూ నాతో కబుర్లు చెప్పడం మొదలుపెట్టారు: వాళ్ళ అయ్య, ఆ తోట, చెట్టెక్కి పడ్డ దెబ్బలు. అంతవరకు ఆవిడకీ ఒక చిన్నతనం ఉండి ఉంటుందని నాకు తట్టనే లేదు. రెండు వేల సంవత్సరం దాటాక కూడా, అన్న ఫోన్ చేస్తే రిసీవరు ముందు ఆవిడే అందుకునేవారు. "ఎప్పుడొత్తన్నావు బాబూ? పుదీనా బాగా ఏపుగొచ్చింది," అనేవారు.