ఇద్దరు పెద్దక్కలు

ఆమె లైబ్రరీలో కంప్యూటర్ల గది చూసుకునేది. ఖాళీ వేళల్లో పుస్తకం ముందేసుకుని, తనంతట తానే నేర్చుకుని ఒక చాట్ రూమ్ తయారుచేసింది. రూమ్ అంటే ఏముంది, ఒక్కటంటే ఒక్క పేజీ. పది సెకన్లకోసారి దానంతటదే మళ్లీ తెరుచుకునేది. పాస్‌వర్డ్ లేదు; ఏ పేరు కొడితే అదే పేరు. పాతికమంది దాకా చేరారు. అక్కడ ఆమె పేరు పెద్దక్క, అందరికీ పెద్దక్కే. పరీక్ష తప్పినా, ఇంట్లో తిట్లు తిన్నా వచ్చి ఆమెకే చెప్పుకునేవాళ్లు. వాళ్లలో చిన్నది ఉడత అనే పేరుతో బడి కంప్యూటర్ నుంచి వచ్చే తొమ్మిదో తరగతి పిల్ల.

ఒక మధ్యాహ్నం పుస్తకాలు సర్ది వచ్చి కూర్చునేసరికి తెరమీద తన పేరే కనిపించింది.

"ఉడతా, నాలుగింటికి లైబ్రరీ గేటు దగ్గరికి వచ్చెయ్ తల్లీ. ఇంట్లో చెప్పకు."

ఆమె వెంటనే "అది నేను కాదు, రావద్దు" అని కొట్టింది. పది సెకన్లు గడిచాయి. కింద అదే పేరుతో ఇంకో వరుస వచ్చింది: "అది నేను కాదు తల్లీ. అసలు పెద్దక్కని నేనే."

ఆ 'తల్లీ' కూడా తన మాటే. ఎవరో ఇన్నాళ్లూ నోరు మెదపకుండా కూర్చుని నేర్చుకున్నారు. మిగతావాళ్లు ఎవరు అసలో తేల్చుకోలేక వాదులాడుకుంటున్నారు. ఉడత జవాబు లేదు. నాలుగు కావస్తోంది.

మెట్లు ఎలా దిగిందో ఆమెకే తెలియదు. గేటు దగ్గర బడి వదిలిన పిల్లలు, సైకిళ్లు. ఉడత మొహం ఆమె ఎన్నడూ చూడలేదు. ఏం తోచక "ఉడతా" అని గట్టిగా పిలిచింది.

రెండు తలలు తిరిగాయి. ఒకటి రెండు జడల పిల్లది. రెండోది ఆ పిల్ల వెనకే నిలబడ్డ నడివయసు మనిషిది. రోజూ కంప్యూటర్ల గదిలో మూల కుర్చీలో కూర్చుని, పోతూ పోతూ ఆమెను పలకరించే పెద్దమనిషి. అతను చూపు తిప్పుకుని, తొందరేమీ లేనట్టు జనంలో కలిసిపోయాడు.

ఆమె దగ్గరికి వెళ్తే పిల్ల బెదిరి వెనక్కి జరిగింది.

"మీరు ఏ పెద్దక్క?" అంది.

ఆమె వాచ్‌మన్ ఫోను నుంచి పిల్ల తల్లిని పిలిపించింది. పోలీసులకు ఫిర్యాదు రాసిచ్చింది. అతను దొరకలేదు, మళ్లీ కనిపించనూ లేదు.

ఆ సాయంత్రమే రూమ్ మూసేసింది. నెల తర్వాత పాస్‌వర్డ్ పెట్టి తెరిస్తే ఏడుగురే వచ్చారు, ఉడత రాలేదు. ఏళ్లు గడిచాయి. పేజీ మళ్లీ తెరుచుకోవాల్సిన పని పోయింది, మాటలు రాసిన క్షణంలోనే తెరమీదికి వచ్చేవి, పేరు పక్కన ఫోటో కూడా వచ్చింది. ఇక భయమేముందని తోటి ఉద్యోగులు అనేవారు.

ఆమె మాత్రం ప్రతి కొత్త ఫోటోనూ చాలాసేపు చూసేది. దాని వెనక కూర్చున్నది ఎవరో ఆ ఫోటోకి మాత్రం ఏం తెలుసు.