నేనెక్కిన క్లెమెంటి బస్సు

పెళ్లిచూపులకి పెళ్లికొడుకు తోటకూర కట్టతో వెళ్లడం మీరెప్పుడైనా విన్నారా? వినకపోతే కుర్చీ కాస్త ఇటు లాక్కోండి. మధ్యాహ్నం భోజనానికి రమ్మంటే సాయంత్రం టీ వేళకి వెళ్లాను. అదీ ఒక్కణ్ణి కాదు, బస్సు నిండా చైనీస్ ఆంటీలను వెంటేసుకుని మరీ. ఆ రోజు నా పరువు సింగపూర్‌లో ఈ చివర నుంచి ఆ చివర దాకా ఊరేగింది. ఏసీ బస్సులో ఊరేగింది, అదొక్కటే ఊరట.

అసలు తప్పు నాది కాదండీ, నా చెవులది. ఆ చెవులకి చదువు చెప్పింది దార్ ఎస్ సలామ్.

సింగపూర్ రాకముందు రెండేళ్లు నేను టాంజానియాలో, ఆ దార్ ఎస్ సలామ్‌లోనే, ఒక జీడిపప్పు కంపెనీలో కంప్యూటర్లు చూసేవాణ్ణి. ఆ ఊళ్లో జనం తిరిగేది దలదలాల్లో. దలదలా అంటే చిన్న బస్సు. మన షేర్ ఆటోకి పెద్దన్న అనుకోండి. దానికి టైమూ లేదు, టికెట్టు మిషనూ లేదు. నిండితే కదులుతుంది. నిండడమంటే మీరనుకునే నిండడం కాదు. ఇంక చీమ కూడా పట్టదు అని మనకి అనిపించాక అక్కడ సగం నిండినట్టు లెక్క.

మొదటి వారం నేను స్టాపులో నిలబడి బస్సుల మీద పేర్లు చదవడానికి ప్రయత్నించాను. చదవడం అయ్యేలోపు బస్సు వెళ్లిపోయేది. మా ఆఫీసులో పనిచేసే జుమా నన్ను చూసి జాలిపడ్డాడు.

"ఏం చేస్తున్నావు బ్రదర్?"

"బోర్డు చదువుతున్నా."

"బోర్డుతో నీకేం పని? కండక్టర్ అరుపు విను. నువ్వెళ్లే చోటు పేరు వినపడిందా, ఎక్కెయ్. ఆలోచించడం లోపల కూర్చున్నాక."

నిజమే! తలుపుకి వేలాడుతూ కండక్టర్ "మ్వెంగే మ్వెంగే మ్వెంగే!" అనో, "కరియాకో, కరియాకో!" అనో ఒకటే అరుపు. పేరు వినడం, ఎగిరి ఎక్కడం, దిగేచోట "షూషా!" అని కేకేసి బస్సు రేకు మీద ఢమఢమా బాదడం. షూషా అంటే దించు అని. ఇంతే విద్య. కూర్చున్నవాడు నిలబడ్డవాడి సంచీ అడక్కుండానే ఒళ్లో పెట్టుకునేవాడు. నా ఒళ్లో సంచులే కాదు, ఎవరెవరి పిల్లలో నిద్రపోయారు. ఆ ఊరంటే నాకు ప్రాణం. రెండేళ్లయ్యేసరికి దలదలాలో నన్ను మించినవాడు లేడని నాకొక గర్వం కూడా వచ్చేసింది. కొంప ముంచింది ఆ గర్వమే.

తర్వాత సింగపూర్‌లో చాంగీ బిజినెస్ పార్కులో ఉద్యోగం వచ్చింది. ఆ పక్కనే సిమెయిలో గది తీసుకున్నాను. నేనిక్కడ దిగానో లేదో, మా అమ్మ సంబంధం పట్టేసింది. అమ్మాయి సౌజన్య, ఇక్కడే యూనివర్సిటీలో రీసెర్చ్ చేస్తోంది. క్లెమెంటిలో మేనమామగారింట్లో ఉంటుంది. ఫోన్లో రెండుమూడుసార్లు మాట్లాడుకున్నాం. దలదలా కబుర్లు చెబితే ఆమె పడీపడీ నవ్వింది. ఆ నవ్వు విన్నాక నాకింక వేరే సంబంధం చూడాలని లేదు. ఆదివారం భోజనానికి రమ్మన్నారు.

ముందురోజు సౌజన్య ఫోన్ చేసి చిలక్కి చెప్పినట్టు చెప్పింది.

"చూడండీ, మా మావయ్యకి టైమంటే టైమే. ఇంతకుముందు వచ్చిన సంబంధం ఆలస్యమైందని గుమ్మంలోంచే పంపించేశాడు. ఆయన వద్దంటే మా అమ్మానాన్నలు ఇంక మాట్లాడరు. ట్రైనెక్కండి. సిమెయిలో ఎక్కితే క్లెమెంటిలో దిగడమే, మారక్కర్లేదు కూడా."

"ట్రైనా? దార్ ఎస్ సలామ్‌లో దలదలాలు ఎక్కినవాణ్ణండీ నేను. బస్సులో ఊరు చూసుకుంటూ వస్తాను."

"ఊరు తర్వాత చూడొచ్చు. నేను చూడాల్సింది మిమ్మల్ని."

ఇంత చక్కగా చెప్పిందా? విన్నానా? వింటే మీకు ఈ కథ ఎందుకు చెబుతాను!

ఆదివారం పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని, అమ్మ పంపిన కాజాల డబ్బా పట్టుకుని బయల్దేరాను. మా బ్లాక్ దాటానో లేదో, రోడ్డు పక్కన ఒక తెల్ల బస్సు. తలుపు దగ్గర టోపీ పెట్టుకున్నావిడ, చేతిలో పసుపు జెండా ఊపుతూ గొంతు చించుకుని అరుస్తోంది.

"క్లెమెంటీ! క్లెమెంటీ! క్లెమెంటీ!"

నా ఒళ్లు పులకరించిపోయింది. ఆహా, ఇన్నాళ్లకి సింగపూర్‌లో ఒక అసలు సిసలు బస్సు! జుమా మాట గుర్తొచ్చింది. పేరు వినపడిందా, ఎక్కెయ్. ఎగిరి ఎక్కేశాను. కార్డు కొట్టే మిషన్ లేదు. ఏముంది, మధ్యలో ఆవిడే వచ్చి వసూలు చేస్తుందిలే అనుకున్నాను. కిటికీ పక్క సీట్లో ఒక గొడుగుంది. తీసి ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను. వెనకే ఒక పెద్దావిడ వచ్చింది.

"అయ్యో, ఐ చోప్ ఆల్రెడీ లా!"

చోప్ అంటే సీటుకి రుమాలు వేయడం అని, చివర లా అనేది ఊరికే తగిలించే తోక అని నాకప్పుడు తెలియదు. "సంచీ ఇవ్వండి ఆంటీ, నేను పట్టుకుంటాను" అని దలదలా మర్యాద చూపించాను. ఆవిడ ఒక్క క్షణం నన్ను చూసి, ఎవరి అబ్బాయో మంచివాడు అనుకుందేమో, సంచీ నా ఒళ్లో పెట్టి పక్కన కూర్చుంది. బస్సు కదిలింది. చుట్టూ చూస్తే అందరూ ఆంటీలే. అందరి నెత్తినా ఒకే రంగు టోపీలు. అప్పుడైనా నాకు వెలగాలా? క్లెమెంటిలో ఆంటీలు ఎక్కువేమో అనుకున్నాను!

ఒకావిడ వేయించిన వేరుశనక్కాయలు పంచింది. ఇంకొకావిడ బిస్కెట్లు పంచింది. ఊరికే తింటే బాగుండదని నేనూ కాజాల డబ్బా మూత తీశాను. తలా ఒకటి తీసుకుంటారనుకున్నాను. డబ్బా వెనక సీటు దాకా వెళ్లి తిరిగొచ్చేసరికి అందులో పాకం మరకలు తప్ప ఏమీ లేవు.

"భలే తీపి! నువ్వెవరి అబ్బాయివి?" అంది గొడుగు ఆంటీ.

"నేనెవరి అబ్బాయినీ కాదండీ. క్లెమెంటి ఎంతసేపట్లో వస్తుంది?"

"క్లెమెంటినా? మేం క్రాంజీ పోతున్నాం. కూరగాయల తోట చూడ్డానికి."

క్రాంజీ! సింగపూర్‌లో ఆ పేరు వింటే జనానికి తోటలూ, శ్మశానమూ గుర్తొస్తాయి. నాకు రెండోదే కనిపించింది. ఒక్క ఉదుటున లేచి, "షూషా! షూషా!" అని అరుస్తూ బస్సు పైకప్పు ఢమఢమా బాదాను. వెనకెవరో దేవుణ్ణి తలచుకున్నారు.

"ఎక్స్‌ప్రెస్‌వే లా! ఎక్కడ ఆపుతా?" అన్నాడు డ్రైవర్.

జెండా ఆవిడ పరుగున వచ్చింది. పేరు లిల్లీ, వాళ్ల విహారయాత్రకి పెద్ద.

"నువ్వెందుకు ఎక్కావు?"

"మీరేగా క్లెమెంటీ క్లెమెంటీ అని పిలిచారు!"

"నేనా? నేను ఆంటీలని పిలిచా. కమిన్ ఆంటీ, కమిన్ ఆంటీ అని!"

కమినాంటీ. క్లెమెంటీ. రెండేళ్లు కష్టపడి సాన పెట్టుకున్న నా చెవులారా, ఎంత పని చేశారే!

సౌజన్యకి ఫోన్ చేశాను.

"ఎక్కడున్నారు? అత్త పులిహోర కలిపేసింది."

"క్రాంజీ వైపు వెళ్తున్నానండీ."

"క్రాంజీలో మీకేం పని?" అంది. నిజం చెప్పాను. ఈసారి నవ్వలేదు. "మావయ్యకి ఇది నేను చెప్పలేను. మీరే వచ్చి చెప్పుకోండి" అని పెట్టేసింది. నాకు నిజంగా ఏడుపొచ్చింది.

తోట దగ్గర టాక్సీ కోసం ఫోన్ నొక్కీ నొక్కీ వేళ్లు అరిగాయి. ఒక్కడూ వస్తాననలేదు. గొడుగు ఆంటీ నా మొహం చూసి విషయమంతా లాగేసింది. అంతే, క్షణంలో బస్సంతటికీ తెలిసిపోయింది. "ముందు మకాన్", అంటే ముందు తిండి, అని నాకు బలవంతంగా అన్నం తినిపించారు. తిండి దగ్గర మాత్రం వాళ్లు అచ్చం మన అత్తయ్యలే. తర్వాత అందరూ చేరి లిల్లీ మీద పడ్డారు. "తిరుగు ప్రయాణంలో క్లెమెంటి మీదుగా పోవాలి. అబ్బాయి పెళ్లాగిపోతే పాపం మనది." స్వీటు డబ్బా ఖాళీ చేసినందుకు బదులుగా, తోటలో కొన్న లేత తోటకూర కట్ట ఒకటి నా చేతిలో పెట్టారు.

సాయంత్రం ఆ బస్సు సౌజన్య వాళ్ల బ్లాక్ ముందు ఆగింది. వస్తున్నానని ముందే మెసేజ్ పెట్టాను గనక, కింద మావయ్యగారు చేతులు కట్టుకుని నిలబడ్డారు. పక్కన అత్తగారు, వెనక సౌజన్య. నేను తోటకూరతో దిగాను. నా వెనక, పెళ్లికూతుర్ని చూడాలని, ఆంటీలంతా దిగారు.

"ఏం బాబూ, భోజనానికి ఇదేనా రావడం?"

జరిగింది చెప్పాను. ఆయన మొహంలో ఒక్క గీత కూడా కదల్లేదు.

"కమిన్ ఆంటీ అంటే క్లెమెంటి అని వినపడిందా? చిన్నపిల్లాడు కూడా నమ్మడు. ఇన్నేళ్ల నుంచి ఇక్కడున్నాను, నాకెప్పుడూ అలా వినపడలేదే! వెళ్లిరా నాయనా."

నా ఆశంతా నీరుగారిపోయింది. సౌజన్య తల దించుకుంది. ఆమెకీ బాధగానే ఉందని అప్పుడే తెలిసింది నాకు. అంత బాధలోనూ లోపల ఎక్కడో చిన్న దీపం వెలిగింది.

సరిగ్గా అప్పుడు, అక్కడ బస్సు ఎక్కువసేపు ఆపకూడదని కంగారుపడుతూ, లిల్లీ తలుపు దగ్గర జెండా ఊపి గొంతెత్తింది.

"కమినాంటీ! కమినాంటీ! కమినాంటీ!"

మావయ్యగారు విసుగ్గా అటు తిరిగి, చెయ్యి ఊపుతూ గట్టిగా అన్నారు.

"యెస్, యెస్, క్లెమెంటీ! దిస్ ఈజ్ క్లెమెంటీ ఓన్లీ!"

ముందు అత్తగారు కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు. తర్వాత సౌజన్య నవ్వింది. ఫోన్లో విన్న ఆ నవ్వే. పడీపడీ నవ్వుతూ, "మావయ్యా, ఆవిడ పిలిచింది ఆంటీలని!" అంది.

మావయ్యగారు బస్సు వైపు చూశారు, నా వైపు చూశారు, చివరికి తోటకూర వైపు చూశారు.

"లేతగానే ఉన్నట్టుంది. పైకి తీసుకురా" అన్నారు.

గొడుగు ఆంటీ చప్పట్లు కొట్టింది. మా పెళ్లిలో ముందు వరసలో కుర్చీ మీద గొడుగు పెట్టి చోప్ చేసింది కూడా ఆవిడే.

కాబట్టి పెద్దలారా, అగ్నిసాక్షిగా కాకపోయినా ఏసీసాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట బస్సు నెంబరు కళ్లతో చదివి, వేలితో చూపించి, మా ఆవిడతో ఔననిపించుకున్నాక తప్ప ఏ బస్సూ ఎక్కను. ఎవరెంత తియ్యగా అరిచినా సరే. ఈ ప్రమాణం తప్పనివ్వకుండా చూసే బాధ్యత మా ఆవిడే తీసుకుంది. ఇంటికి ఏ పెద్దావిడ వచ్చినా తలుపు తీసి, నా వైపు ఓరగా చూస్తూ, "కమిన్ ఆంటీ" అంటుంది. నేను చెప్పులేసుకుంటాను.