ఓడలో పాము ఎవరు?

పటాన్‌చెరులో మా చర్చి స్త్రీల కూటంలో పోయిన ఏడు మొదటిసారి ప్రసంగించాను. జలప్రళయంలో అన్ని రకాల జీవులనూ కాపాడిన నోవహు ఓడ అంటే మన క్రైస్తవ సంఘమేనని తొలినాటి క్రైస్తవ పండితులు వివరించారని చెప్పాను.

వెనక నుంచి సుందరమ్మ లేచింది. "బిడ్డా, ఓడల పాములు గూడ ఉండె గద! మరి మనల పామెవరు?"

అందరూ ఘొల్లున నవ్వారు. కొందరు మాత్రం ఏడాదిగా ఆమెతో మాటల్లేని కోడలి వైపు చూశారు. కోడలు తల దించుకుంది. ఇక్కడే కొట్లాట అవుతుందేమోనని నాకు భయమేసింది.

"అది పండితులు రాయలేదమ్మా," అని గొణిగాను.

"నేనే కావచ్చు," అంది సుందరమ్మ. "అయినా దేవుడు పామును ఓడలకెల్లి నూకలే గద!" అంటూ వెళ్లి కోడలి పక్కన కూర్చుంది.

"జెర దూరం జరుగు అత్తమ్మా, కరుస్తవేమో!" అని కోడలు నవ్వేసింది.

ఆనాటి నా ప్రసంగం ఎవరికీ గుర్తులేదు. సుందరమ్మ వివరణ మాత్రం ఇప్పుడు నేనే అందరికీ చెబుతున్నాను.