ఎండుకొమ్మ మీది పిట్ట

పెట్రోలు దొరకని ఆ యుద్ధకాలంలో మా బస్సులు బొగ్గుతో నడిచేవి. ఒక చలికాలం పొద్దున కొల్లాపూర్ పోతుంటే అడవి మధ్యలో బస్సు బొగ్గుపొయ్యి ఆరిపోయింది. మంచుకు నేలమీది పుల్లలన్నీ తడిసి ఉన్నాయి. డ్రైవరు విరుద్దామని ఒక చెట్టు ఎండుకొమ్మ పట్టుకున్నాడు.

"ఆగు కొడుకా!" అంది నాతోపాటు బస్సు దిగిన ముసలవ్వ. కొమ్మ చివర, గొంతు కింద ఎర్రమచ్చ ఉన్న చిన్నపిట్ట తోక ఎగరేస్తోంది. "చలికాలమొస్తే ఏడికెల్లో గీడికొస్తది. గీ కొమ్మ మీదనే కూసుంటది."

"దానికి ఇంకా కొమ్మలున్నయి కదా అవ్వా," అని నవ్వాను.

"మా గొర్రెలు గూడ ఏటా కృష్ణ ఒడ్డుకు పోయొస్తయి. పాత జాగ దొరకకుంటే తెల్లందాక అరుస్తయి బిడ్డా."

"మరి పొయ్యి ఎట్ల రాజెయ్యాలె?" డ్రైవరు విసుక్కున్నాడు.

అవ్వ తన చేతికర్రను మోకాలికి ఆనించి విరవబోయింది. చేతకాక నాకిచ్చింది. పట్టుకునేచోట అది నున్నగా అరిగిపోయి ఉంది.

"ఇరువు," అంది.

నేనే విరిచాను.

కొల్లాపూర్‌లో దిగబోతూ అవ్వ అలవాటుగా కర్రకోసం తడిమింది. తర్వాత తనలో తనే నవ్వుకుని నా భుజం పట్టుకుంది. తన ఇల్లు చేరేదాకా వదల్లేదు. నేనూ వదలమనలేదు.