బార్కస్ దాకా వెళ్ళి తెచ్చుకున్న హార్మోనియం

శనివారం సాయంత్రం మా అమ్మాయి మంజుల మొదటిసారి నాటకంలో పెద్ద వేషం కట్టాలి. శుక్రవారం రిహార్సల్ మధ్యలో హార్మోనియం వాయించే నర్సింగ్ మాస్టర్ అలిగి, పెట్టె మూసుకుని వెళ్ళిపోయాడు. పద్యాలు పాడే నాటకానికి హార్మోనియం లేకపోతే ఏమీ లేనట్టే. పైగా మంజులకు పద్యం నేర్పింది ఆయనే. ఆ పిల్ల గొంతు ఎక్కడ ఎక్కుతుందో, ఎక్కడ ఊపిరి తీసుకుంటుందో ఆయన వేళ్ళకు తెలుసు. అందుకే శనివారం పొద్దున ఎనిమిది దాటగానే, ఆయన్ను వెతికి తెద్దామని సంతోష్‌నగర్‌లో మా ఇంటి నుండి ముగ్గురం బయల్దేరాం. యాకుత్‌పురా, బార్కస్ వైపు వెళ్ళాలనుకునే వాళ్ళకు దారి తెలుస్తుందని ఇది రాస్తున్నాను. నేను జీవితమంతా పాలు పోసి బతికినవాణ్ణి, ఏడో తరగతితో బడి మానేసినవాణ్ణి. సంతోషం పట్టలేక ఎక్కడైనా ఎక్కువ రాస్తే మన్నించండి.

నాకూ మంజులకూ తోడు వచ్చిన మూడో మనిషి హలీనా గారు. పోలండ్ దేశంలో నాటకాల్లో పాడి, నటించి పెద్ద పేరు తెచ్చుకున్న మనిషి. మా మంజుల వాళ్ళ నాటక బృందం పిలిస్తే వచ్చి, రెండు నెలలుగా మా మేడ మీది గదిలో ఉంటోంది. బట్టలు నేసే ఒక తల్లీ కూతుళ్ళ కథ నాటకం. తల్లిగా ఆమె తన భాషలో పాడుతుంది, కూతురిగా మంజుల తెలుగు పద్యంలో జవాబు చెబుతుంది. ఆమె నాకంటే రెండేళ్ళే చిన్న. అయినా మంజులను చూసి నన్ను 'బాపు' అనే పిలుస్తుంది.

గొడవకు కారణం కూడా ఆమే. రిహార్సల్‌లో మంజుల చేతిలోని నాటకం కాగితాలు జారి కింద పడ్డాయి. మనమైతే ఏం చేస్తాం, గబుక్కున తీసి కళ్ళకద్దుకుంటాం. అంతలోనే హలీనా గారు పరుగున వచ్చి, వాటి మీద రెండు కాళ్ళతో నిలబడి, గట్టిగా తొక్కి, ఆ తర్వాత తీసి మంజుల చేతిలో పెట్టింది. మొదటి కాగితం మీద మాస్టర్ పసుపు బొట్టు పెట్టి, స్వరాలు తన చేత్తో రాసి ఉన్నాడు. "సదువుల తల్లిని తొక్కిన జాగల నేను వాయించ" అని ఆయన లేచాడు.

ఆటో యూసుఫ్ భాయ్‌ది. రోజంతా ఉండాలి, ఎనిమిది వందలని మాట్లాడుకున్నాం.

"ఎంతమంది బాపు?"

"పోయేటప్పుడు ముగ్గురం. వచ్చేటప్పుడు నలుగురం, ఒక పెట్టె."

"ఆ నాలుగో ఆయన వస్తనన్నడా?"

"అనలేదు. వస్తడు. పెట్టెకు జాగ చూసుకో."

అద్దంలో నన్ను చూసి నవ్వాడు. "బాపుకు యకీన్ బహుత్ హై, మస్తు నమ్మకం."

పొద్దున పూట సంతోష్‌నగర్ నుండి యాకుత్‌పురా పావుగంటే. స్టేషన్ పక్క గల్లీలో ఆటో పట్టదు, దిగి నడవాలి. మాస్టర్ భార్య గడపలోనే కనిపించింది.

"నిన్నటి సంది నోరిప్తలేడన్నా. చాయ్ గూడ సైగ జేసి అడిగిండు. పెట్టె తిత్తిల గాలి పోతుందని బార్కస్ పోయిండు, చావుష్ భాయ్ దుకాన్‌కు." తర్వాత హలీనా గారిని పైనుండి కిందికి చూసింది. "గీమెనేనా తొక్కింది?"

హలీనా గారు చేతులు జోడించింది.

"మనిషి మంచిగనే ఉన్నది గదా. పోయి పట్టుకరాండ్రి. ఆయన ఇంట్ల కూసుంటే నాకు లొల్లి."

యాకుత్‌పురా నుండి బార్కస్‌కు చాంద్రాయణగుట్ట మీదుగా వెళ్ళాలి. మామూలుగా అరగంట, ఆ రోజు ట్రాఫిక్‌లో గంట పట్టింది. నాకు మాత్రం ఆ గంట బంగారం. హలీనా గారు తన కథ ఇంగ్లీషులో చెబుతుంటే మంజుల తెలుగులో చెప్పింది. ఆమె పుట్టింది వూచ్ అనే మిల్లుల ఊళ్ళో. తల్లి నూలు మిల్లులో పని. తల్లి షిఫ్టులో ఉంటే ఆ పక్కనే ఆడుకుంటూ, మగ్గాల మోత మీదుగా వినబడాలని అరిచి పాడటం నేర్చుకుంది. నాటకాల బడిలో చేరబోతే, గొంతు మరీ మోటుగా ఉందని మొదటిసారి తిప్పి పంపారు. మరుసటేడు మళ్ళీ వెళ్ళింది, ఆ మోటు గొంతుతోనే. బొమ్మలాటల బృందంతో ఊరూరూ తిరిగి, తెర వెనక కోడికీ మేకకూ కూడా పాడింది. తర్వాతే పెద్ద థియేటర్లు, పెద్ద వేషాలు. వయసులో ఉన్నప్పుడు దేశంలో కర్ఫ్యూ పెట్టి థియేటర్లు మూసేస్తే, కిటికీలకు దుప్పట్లు కట్టి, ఇళ్ళల్లో పాతికమంది ముందు పాడిందట.

"కర్ఫ్యూల బయటికెట్ల పోయినవమ్మా?" అన్నాను. పాతబస్తీలో పాలు పోసినవాడికి కర్ఫ్యూ అంటే ఏమిటో ఒకరు చెప్పాలా.

"పాల డబ్బా పట్టుకొని పోయిందంట బాపు," అంది మంజుల. "పాలోళ్ళను ఆపరని."

యూసుఫ్ భాయ్ హ్యాండిల్ వదిలి చప్పట్లు కొట్టబోయి మానుకున్నాడు. నాకు ఆమె సొంత చెల్లెలు అనిపించింది.

బార్కస్‌లో దిగేసరికి పది. అక్కడ హరీస్ తినాలి. గోధుమలు, మాంసం కలిపి మెత్తగా ఉడికించి, పైన నెయ్యి పోసి ఇస్తారు. "ఇంకింత సేపైతే గిన్నె కడిగేటోణ్ణి," అన్నాడు వంటాయన. హలీనా గారు మాత్రం చెంచా ముట్టలేదు. ముందు మాస్టర్, తర్వాతే తిండి అంది. డబ్బా కట్టించుకుని నడిచాం.

చావుష్ భాయ్ హార్మోనియాలు బాగుచేస్తాడు. దుకాణంలో మాస్టర్ నేల మీద కూర్చుని, తిత్తికి తోలు అతికించడం చూస్తున్నాడు. మమ్మల్ని చూసి మొహం తిప్పుకున్నాడు.

హలీనా గారు ఆయన ఎదురుగా నేల మీద కూర్చుంది. మోకాళ్ళ నొప్పి మనిషి, కూర్చునేటప్పుడే పళ్ళు బిగబట్టింది.

"మీకు బాధైంది, దానికి మాఫ్ చెయ్యుండ్రి అంటుంది సార్," అంది మంజుల. "వాళ్ళ దగ్గర నాటకం కాగితం కింద పడితే నాటకమే పడిపోతదంట. జారిపోకుంట కాళ్ళతో ఆపాలంట. నేను తొక్కలేదని, నా కోసం ఆమె తొక్కింది."

"కాళ్ళతోనా?" అన్నాడు మాస్టర్ గోడను చూస్తూ.

హలీనా గారు తన పాదాల మీద చెయ్యి వేసింది. ఆమె మాటలు మంజుల చెప్పింది. "నలభై ఏండ్లు స్టేజి మీద నన్ను నిలబెట్టినవి ఇవే, వీటికన్న గొప్పవి నా దగ్గర లేవంటుంది. మీరు లేచేదాక తనూ లేవదంట."

చావుష్ భాయ్ తిత్తి ఆడించి చూసి, "హో గయా" అని పెట్టె మాస్టర్ ముందుకు జరిపాడు.

"మోకాళ్ళు నొస్తయి, లేవమ్మా," అన్నాడు మాస్టర్.

ఆమె తల అడ్డంగా ఊపింది.

"మల్లేశన్నా, ఏందే ఈ జబర్దస్తీ?" అని మాస్టర్ నా వైపు తిరిగాడు.

"నాకేం తెల్సు నర్సింగన్నా. నేను పాలోణ్ణి."

ఆయన నవ్వు ఆపుకోలేక లేచాడు, ఆమె కూడా లేచింది. హరీస్ డబ్బా అక్కడే విప్పాం.

తిరుగు ప్రయాణంలో నేను యూసుఫ్ భాయ్ పక్కన ఇరుక్కున్నాను. హార్మోనియం హలీనా గారి ఒళ్ళో వచ్చింది. అయినా మాస్టర్ మనసులో ముల్లు పోయిందో లేదో నాకు తెలియలేదు.

సాయంత్రం ఆరున్నరకు, తెర వెనక అందరూ వంగి స్టేజిని తాకి కళ్ళకద్దుకుని పైకెక్కారు. ఆ వంగడం చూస్తూ మాస్టర్ ఆగిపోయాడు. మంజుల చేతిలోని కాగితాలు తీసుకుని చెక్కల మీద పరిచాడు.

"ఈ స్టేజి గూడ తల్లే. దీన్ని మొక్కినంక తొక్కుతలేమా? ముందు మొక్కుండ్రి, తర్వాత తొక్కుండ్రి."

హలీనా గారు వంగి కాగితాన్ని తాకి కళ్ళకద్దుకుంది. తర్వాత మంజుల. ఇద్దరూ ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని దాని మీద పాదం ఆనించారు. మాస్టర్ ఆ కాగితం తీసి, దులపకుండానే హార్మోనియం మీద పెట్టుకుని శ్రుతి ఇచ్చాడు.

ఇక నా బిడ్డ పాడింది. తల్లి వేషంలో హలీనా గారి గొంతు మిల్లు మోతలా బరువుగా నడిచి ఆగిన చోట, మంజుల పద్యం అందుకుని పైకి, ఇంకా పైకి తీసుకుపోయింది. హాలు మొత్తం 'వన్స్ మోర్' అంది. ఆ కేక మొదలుపెట్టింది వెనక వరుసలో యూసుఫ్ భాయ్.

ఆ రాత్రి నుండి ఒకటే అనిపిస్తోంది. ఎవరి భక్తి వాళ్ళ ఒంట్లో ఒక్కో చోట ఉంటుంది. నాది పాలు పోసిన నా చేతుల్లో ఉంది, మాస్టర్‌ది కళ్ళలో, ఆ పోలండ్ తల్లిది పాదాల్లో. ఎదురుగా కూర్చుని అడిగితే గానీ అది ఎక్కడుందో తెలియదు. ఆమె ఎదుట కూర్చుని అడిగించుకుంది, ఆయన 'కాళ్ళతోనా?' అని అడిగాడు, నా బిడ్డ పాడింది. నాకు ఇంకేం కావాలి.

ఆ దారిన వెళ్ళేవాళ్ళకు ఒక్క మాట. బార్కస్‌కు ఆటోను రానూపోనూ కలిపి మాట్లాడుకోండి. అలిగినవాళ్ళను తేవడానికి వెళ్తుంటే, ఒక మనిషికీ ఒక పెట్టెకూ చోటుందో లేదో బయల్దేరే ముందే చూసుకోండి.