రాయబారికి చెప్పిన అబద్ధం

శ్రీకాకుళం తీరం నుంచి గుజరాత్ రేవుకి చేపల వేట పనికి పోయిన ఎనిమిది మందిమి. ఇంజిన్ ఆగి, గాలికి కొట్టుకుపోయి పక్క దేశం నీళ్లలో పడ్డాం. వాళ్ల గస్తీ పడవ కనిపించగానే, దారి చూపే జీపీఎస్ డబ్బాని పీకి సముద్రంలోకి విసిరేశాను. హద్దు దాటామని అదే చెప్పేస్తుందని భయం. నా తెలివి తగలెయ్య.

వాళ్లు మమ్మల్ని పట్టుకుని పెట్టిన జైలుకి మన దేశపు రాయబారి వచ్చారు. హిందీ నాకొక్కడికే వచ్చు కాబట్టి అందరి తరపునా నేనే మాట్లాడాను. "పడవలో జీపీఎస్ ఉండేదా?" అని అడిగితే లేదన్నాను. ఆయన నమ్మి, రాసుకుని వెళ్లారు.

"ఏటిరా, అలా సెప్పీసినావు?" అన్నాడు, జీపీఎస్ అన్న మాట విని, నేను తల అడ్డంగా ఊపడం చూసిన మా మావ.

వారం తర్వాత మళ్లీ వచ్చినప్పుడు ఆయన చేతిలో మా పడవ ఫొటో ఉంది. అందులో డబ్బా బిగించే ఖాళీ స్టాండు, తెగి వేలాడుతున్న వైరు.

"లేదని దేశం తరపున చెప్పాను. వాళ్లు ఇది నా ముందు పెట్టారు," అన్నారు. "ఆ డబ్బా ఉండుంటే, అందులో నమోదైన దారిని బట్టి ఇంజిన్ ఆగాకే కొట్టుకొచ్చారని చూపించేవాణ్ణి."

తిట్టినా బాగుండేది. ఆయన కుర్చీ దగ్గరికి లాక్కుని పెన్ను తీశారు.

"ఈసారి నిజం చెప్పు. రేపు మళ్లీ వాళ్ల ముందు కూర్చోవాల్సింది నేనే."