వేట నిషేధంలో తీసిన ముద్రలు

త్రినాథ్ గెలిచాడని అందరూ అన్నారు. శ్రీకాకుళం ఆర్టీసీ కాంప్లెక్సు పక్క జెరాక్సు కొట్టులో, ఆరేళ్ళుగా అతను జనానికి అర్జీలు రాసిపెట్టే బల్ల దగ్గరకొచ్చి ఇద్దరు ముగ్గురు మిఠాయిలు కూడా అడిగారు. అతను మాత్రం హైకోర్టు తీర్పును నాలుగోసారి చదువుతున్నాడు. చదివినకొద్దీ కోపం పెరుగుతోంది.

"గెలిసినట్టా, ఓడినట్టా? ఒక్క మాట సెప్పండి," అంది భార్య యమున.

"డిస్మిస్ ఆర్డరు కొట్టేసినారు. సాచ్చుల కాడ్నుంచి మళ్ళీ ఇచారణ సెయ్యమన్నారు."

"మరి ఈ ఆరేళ్ళో?"

"అవెవులిస్తారే?"

రిటైర్మెంటు వయసుకు ఇంకా పదకొండు నెలలుంది. బ్యాంకు ఉద్యోగం తిరిగొచ్చినా ఎన్నాళ్ళు చేస్తాడు? అతనికి కావలసింది ఒక్కటే. అతని మీద మోపిన అభియోగంలో 'మోసపు ఉద్దేశంతో' అని ఒక ముక్క ఉంది. అది పోవాలి.

త్రినాథ్ తండ్రి బొబ్బిలిలో వీణలకు పనసకర్ర తొలిచేవాడు. ఉలి పట్టీపట్టీ ఆయన వేళ్ళు గాజులా నున్నబడ్డాయి. చివరి రోజుల్లో వేలిముద్ర పడక రేషను మిషను ఆయన్ను మనిషిగానే ఒప్పుకోలేదు. కొడుకు బ్యాంకులో క్లర్కుగా చేరి, ఇరవై రెండేళ్ళకు ఆఫీసరై, సముద్రపు ఒడ్డున ఒక బ్రాంచికి బదిలీ అయ్యేసరికి అక్కడ కౌంటరు ముందు అవే వేళ్ళు కనిపించాయి. ఖాతాదారుల్లో సగం మంది చేపలమ్మే ఆడవాళ్ళు, వాళ్ళ సంతకం వేలిముద్ర. నూట అరవై ఏళ్ళ కిందట బెంగాల్లో ఒక తెల్లదొర, కంట్రాక్టరు మాట తప్పకుండా కాగితం మీద అరచెయ్యి అద్దించుకున్నాడట. ఇవాళ్టి ముద్రల తతంగానికి అదే మొదలంటారు. పాపం, ఆ దొరకు చేపలు కోసే ఆడదాని చెయ్యి ఎదురుపడి ఉండదు. ఉప్పు, మంచుగడ్డ, మొప్పల ముళ్ళు కలిసి వేలి గీతల్ని ఏడాదిలో పది నెలలు తినేస్తాయి. అద్దితే కాగితం మీద నల్లటి మరక తప్ప ఏమీ పడదు. డబ్బు తీసే ఫారం వెనక్కి, మనిషి ఇంటికి.

వేసవిలో రెండు నెలలు సముద్రంలో చేపల వేట నిషేధం. పడవలు ఒడ్డెక్కుతాయి, చేతులు ఆరతాయి, మే నెల చివరికి వేళ్ళ మీద గీతలు మళ్ళీ మొలుస్తాయి. త్రినాథ్ అది కనిపెట్టాడు. ఆ రోజుల్లో ఒక్కొక్కరి చేత నాలుగు ఖాళీ ఫారాల మీద ముద్రలు వేయించి, వెనక పేర్లు రాసి, కవర్లో పెట్టి సొరుగులో దాచాడు. మనిషి వచ్చినప్పుడల్లా ఒక ఫారం తీసి, ఆమె ఎదుటే నింపేవాడు.

రూలు ప్రకారం తప్పే. తప్పు కాదని అతను ఏనాడూ అనలేదు. తనిఖీకి వచ్చినవాళ్ళు సొరుగు లాగారు. ముప్ఫై ఒక్క ఫారాలు దొరికాయి. ఎవరి ఖాతాలోనూ ఒక్క పైసా తేడా రాలేదు. అయినా ఛార్జిషీటులో ఆ ముక్క దూరింది.

బ్యాంకు విచారణ రోజు ఎనిమిది మంది ఆడవాళ్ళు ఆటో కట్టించుకుని శ్రీకాకుళం వచ్చారు, వేట ఉన్న రోజు అమ్మకం మానుకుని మరీ. ముందు అసిరమ్మ, నోరున్న మనిషి. విచారణాధికారి తలుపు దగ్గరే ఆపేశాడు. ఖాళీ ఫారాలు దొరికిన సంగతి త్రినాథే ఒప్పుకున్నాక సాక్షులు అవసరం లేదన్నాడు. ఆడవాళ్ళు సాయంత్రం దాకా మెట్ల మీద కూర్చుని తిట్టుకుంటూ వెళ్ళిపోయారు.

హైకోర్టులో కేసు వేసిననాడే లాయరు దుర్గాభవాని చెప్పింది: "మీరు మంచివారా కాదా అని జడ్జిగారు చూడరండీ. సాక్ష్యం మళ్ళీ తూచరు. విచారణ సవ్యంగా చేశారా లేదా, అంతే." అంత చిన్న సంగతి చూడ్డానికి ఆరేళ్ళు పట్టింది. మీ సాక్షుల్ని వినకపోవడం అన్యాయం, మూడు నెలల్లో మళ్ళీ వినండి అని తీర్పు.

కార్తీకంలో రెండో విచారణ. అధికారి కొత్తవాడు, మోహనకృష్ణ. ఈసారి అసిరమ్మను కుర్చీలో కూర్చోబెట్టారు. ఆమె చెప్పిందంతా టైపు చేసి చదివి వినిపించి, స్టాంపుప్యాడ్ ఆమె ముందుకు జరిపారు.

అద్దింది. మరక. మళ్ళీ అద్దింది. మరక. మూడోసారి బ్యాంకు గుమాస్తా ఆమె వేలు పట్టుకుని నొక్కాడు. అదే మరక.

"ముద్ర లేకుండా ఈ వాంగ్మూలం చెల్లదమ్మా. ఇంకో రోజు రా," అన్నాడు మోహనకృష్ణ.

"ఇంకో రోజంటే ఏ రోజు బావూ? యేట ఆపినప్పుడు రమ్మంతావేటి?" అసిరమ్మ లేచి నిలబడింది. "అప్పుడు ముద్ర మా బాగా పడతాది. నాలుగు కాయితాల మీద ఏయించుకో. నీ సొరుగులో దాసుకో. ఈ బావు సేసిందదే కదేటి!"

గుమాస్తా నవ్వు ఆపుకోలేక దగ్గాడు. త్రినాథ్ నవ్వలేదు. కాగితం అధికారి ముందుకు తోశాడు.

"రాయండి సార్. మూడుసార్లు అద్దినా పడలేదని మీ చేత్తో రాసి సంతకం పెట్టండి."

"అదిప్పుడు అవసరం లేదు త్రినాథ్ గారూ."

"ఆరేళ్ళ కిందట ఇదే గదిలో ఇదే మాటన్నారు సార్, అవసరం లేదని. హైకోర్టు కొట్టేసింది ఆ మాటనే. మళ్ళీ అనండి. నేను మళ్ళీ వెళ్తాను. తొమ్మిది నెలలే ఉన్నాయని చూడకండి, రిటైరయ్యాక నాకు తీరికే తీరిక."

మోహనకృష్ణ మూడు మరకలకేసి చూశాడు, పెన్ను మూత తీశాడు.

"'మూడుసార్లు' అక్షరాల్లో రాయండి," అన్నాడు త్రినాథ్.

అసిరమ్మ సిరా వేలిని ఆఫీసు కర్టెన్‌కు శుభ్రంగా తుడుచుకుంది.